అత్తమ్మకూ ఒక ముక్క

రమజాన్ మాసంలో ఒక సాయంత్రం. నరసరావుపేటలోని మా ఇంట్లో దస్తర్‌ఖాన్ పరచి ఉంది. ఖర్జూరాలు, శనగ గుగ్గిళ్ళు, బొప్పాయి ముక్కలు, నిమ్మ షర్బత్, వాటి నడుమ బంధువులు పంపిన కేకు పెట్టె. మగ్రిబ్ అజాన్‌కు ఇంకా పది నిమిషాల వ్యవధి ఉంది. ఈ ఏడే మదరసాలో చేరిన మా చిన్నవాడు పెట్టె మీది అక్షరాలను కూడబలుక్కుంటూ చదివి, "అమ్మీ, ఇది హలాలేనా?" అని అడిగాడు. "ఆఁ, హలాలే" అన్నాను. "నీకెలా తెలుసు?" అన్నాడు వాడు. నా దగ్గర సమాధానం లేదు.

అదే సాయంత్రం మరొకటి గమనించాను. మా అత్తమ్మకు చాలా ఏళ్ళుగా చక్కెర వ్యాధి. ఒక్క ఖర్జూరంతో, గుక్కెడు నీళ్ళతో ఉపవాసం విరమించి, మేము కేకు కోసే వేళకు "నమాజుకు ఆలస్యమవుతుంది" అంటూ లేచి లోపలి గదిలోకి వెళ్ళిపోయారు. ఆ గదిలోంచి తిరిగి వచ్చేది కేకు పెట్టె ఖాళీ అయిన తరువాతే. ఎన్నో రమజానులుగా ఇదే జరుగుతున్నా, ఆమె ఎందుకు లేచి వెళ్తున్నారో ఆనాటి వరకు నేను ఆలోచించనే లేదు. అందరూ కూర్చున్న చోట తాను మాత్రం తినకుండా చూస్తూ ఉంటే పిల్లల సంతోషానికి వెలితి కలుగుతుందని ఆమె భావన.

తన పిల్లలకు ఏమి పెడుతున్నదో తెలియని తల్లి, అందరితో కలిసి తినలేని పెద్ద దిక్కు. ఈ రెండు లోట్లూ తీరేలా ఒక కేకును ఇంట్లోనే తయారు చేసుకోవడం సాధ్యమా? సాధ్యమేనని, దానికి ఓవెన్ కూడా అవసరం లేదని కొన్ని వైఫల్యాల తరువాత గ్రహించాను. ఆ అనుభవాన్ని సోదరీమణులతో పంచుకోవడమే ఈ వ్యాసం ఉద్దేశం.

పెట్టెలో ఉన్నదేమిటి?

భూమిలో ఉన్నవాటిలో ధర్మసమ్మతమైనవాటిని, పరిశుద్ధమైనవాటిని తినమని దివ్యఖుర్ఆన్ మానవులందరినీ ఉద్దేశించి ఆదేశిస్తుంది (అల్ బఖరా: 168). హలాల్ అనగానే మన ధ్యాస మాంసం దుకాణం వైపే మళ్ళుతుంది. పిండివంటల విషయంలో అంత జాగ్రత్త ఉండదు. కేకు చరిత్రను కొంచెం పరిశీలిస్తే ఆ జాగ్రత్త ఎందుకు అవసరమో బోధపడుతుంది.

మన దేశంలో తయారైన తొలి క్రిస్మస్ కేకుగా ప్రసిద్ధి పొందినది కేరళలోని తలశ్శేరిలో 1883లో మాంబళ్ళి బాపు అనే బేకరీ యజమాని చేసినది. మర్డాక్ బ్రౌన్ అనే తోటల యజమాని ఇంగ్లండు నుంచి తెచ్చిన కేకును రుచి చూపించి, అటువంటిదే చేయమని కోరాడట. ఎండు పళ్ళను నానబెట్టడానికి బ్రాందీ వాడమని సలహా ఇస్తే, బాపు స్థానికంగా జీడిమామిడి పండుతోనూ అరటిపండుతోనూ కాచిన సారాను వాడాడని చెబుతారు. ఎండు పళ్ళను మద్యంలో నానబెట్టడం ఆ రకం కేకుకు పుట్టుకతో వచ్చిన పద్ధతి. నేటికీ డిసెంబరు మాసంలో అమ్మే ప్లమ్ కేకులను కొన్నిచోట్ల రమ్‌లో ఊరిన పళ్ళతోనే చేస్తారు. అందువల్ల పళ్ళ కేకు కొనేటప్పుడు "పళ్ళను దేనిలో నానబెట్టారు?" అని అడగడం చాదస్తం కాదు, మన బాధ్యత.

మరికొన్ని పదార్థాలనూ గుర్తుంచుకోవాలి. కేకు మీద మెరిసే జెల్లీలో జెలాటిన్ ఉండవచ్చు. అది జంతువుల చర్మం, ఎముకల నుంచి తీసినది. ఎర్రని రంగుకు వాడే కార్మైన్ (ఇ120) ఒక రకం పురుగుల నుంచి లభిస్తుంది. ఇ471 అనే పదార్థం మొక్కల నూనె నుంచి రావచ్చు, జంతువుల కొవ్వు నుంచీ రావచ్చు. పెట్టె మీద ఆకుపచ్చ శాకాహార గుర్తు ఉంటే జంతు సంబంధమైన సందేహం చాలావరకు తొలగుతుంది. కానీ ఆ గుర్తు మద్యసారం గురించి ఏమీ చెప్పదు. అసలైన వెనిలా సారాన్ని మద్యసారంలోనే తీస్తారు. అమెరికా నిబంధనల ప్రకారం ఆ పేరుతో అమ్మేదానిలో కనీసం 35 శాతం మద్యసారం ఉండాలి. ఇటువంటి పరిమళ ద్రవ్యాలను చుక్కలలో వాడడం గురించి పండితుల మధ్య అభిప్రాయ భేదం ఉంది. సందేహం కలిగించేదానిని విడిచి, సందేహం లేనిదానిని చేపట్టమన్న దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) హితవు మనకు ఉండనే ఉంది. యాలకులు ఉన్న వంటింటికి వెనిలా లోటు ఏముంది?

దమ్ తెలిసిన చేతులకు

కేకు అనగానే ఓవెన్ లేదే అనే బెంగ కలుగుతుంది. ఓవెన్ చేసే పనల్లా మూసిన గదిలో అన్ని వైపుల నుంచి సమానంగా, నెమ్మదిగా వేడి అందించడమే. బిర్యానీకి దమ్ పెట్టడం తెలిసిన స్త్రీకి ఈ సూత్రం కొత్త కాదు. అడుగున సన్నని సెగ, మూత మీద నిప్పులు, అంచులకు పిండి మెత్తి ఆవిరిని బంధించడం మన పెద్దలు తరతరాలుగా చేస్తున్నదే. కేరళ మలబారు తీరంలోని మాప్పిళ ముస్లిముల ఇళ్ళలో ఇఫ్తార్‌కు చేసే 'పోళ' అనే వంటకం ఈ పద్ధతిలోనిదే. అరటిపళ్ళను నేతిలో వేయించి, గిలకొట్టిన గుడ్లలో కలిపి, మందపాటి గిన్నెలో మూతపెట్టి సన్నని మంట మీద ఉడికిస్తారు. ఓవెన్ లేకుండానే అది కేకులా పొంగి ముక్కలుగా తెగుతుంది.

ఓట్స్, గోధుమ, మన జొన్న

సహల్ బిన్ సాద్ (రజి) ఉల్లేఖనం ఒకటి సహీహ్ బుఖారీలో ఉంది. దైవప్రవక్త (స) కాలంలో జల్లించిన తెల్లని పిండి లేదనీ, యవలను విసిరి, పొట్టును నోటితో ఊది, మిగిలినదాన్ని తడిపి తినేవారనీ దాని సారాంశం. అదే గ్రంథంలో హజ్రత్ ఆయిషా (రజి) 'తల్బీనా' అనే యవల జావను రోగులకూ, ఆప్తులను కోల్పోయి దుఃఖంలో ఉన్నవారికీ ఇప్పించేవారని ఉంది. పొట్టుతో కూడిన ధాన్యం పట్ల మన సంప్రదాయంలో ఉన్న ఆదరానికి ఇవి తార్కాణాలు.

ఓట్స్ యవలకు దగ్గరి బంధువు. రెండింటిలోనూ బీటా గ్లూకాన్ అనే కరిగే పీచు ఉంటుంది. అది నీటిని పట్టి జిగురుగా మారుతుంది. ఓట్స్ జావ చిక్కబడేదీ, ఓట్స్ కలిపిన కేకు రెండో రోజున కూడా ఎండిపోకుండా మెత్తగా ఉండేదీ దీని వల్లనే.

పల్నాడులో పుట్టినవారికి సహజంగా ఒక ప్రశ్న వస్తుంది. ఓట్స్ మన నేలలో పండే పంట కాదు. జొన్న ఉండగా అది ఎందుకు? ఇది జొన్నల సీమ. సన్నన్నానికి అలవాటు పడిన శ్రీనాథ మహాకవి ఇక్కడి జొన్నకూటి మీద విసుగుతో చాటు పద్యాలు చెప్పాడని ప్రతీతి. ఆయన విసుక్కున్న ఆ ధాన్యాన్నే నేడు పట్నాలలో వెతుక్కుని కొంటున్నారు. అయితే జొన్నపిండిలో గ్లూటెన్ ఉండదు. పూర్తిగా దానితోనే చేస్తే కేకు పొడిపొడిగా రాలిపోతుంది. గోధుమపిండిలో మూడో వంతుకు మించకుండా జొన్నపిండి కలిపితే రుచి ఇనుమడిస్తుంది, కట్టు తప్పదు. నేను 175 గ్రాముల పిండిలో 50 గ్రాములు జొన్నపిండి వేస్తున్నాను.

కావలసిన పదార్థాలు (16 ముక్కలకు)

రోల్డ్ ఓట్స్ – 100 గ్రాములు (మసాలా కలిపినవి పనికిరావు)
వేడి నీళ్ళు – 200 మి.లీ.
బెల్లం తురుము – 100 గ్రాములు
గింజ తీసి తరిగిన ఖర్జూరాలు – 100 గ్రాములు
బాగా మగ్గిన అరటిపళ్ళు – మెదిపిన గుజ్జు 200 గ్రాములు
గుడ్లు – 2
వాసన లేని నూనె లేదా కరిగించిన నెయ్యి – 90 మి.లీ.
గోధుమపిండి – 175 గ్రాములు (ఇష్టమైతే ఇందులో 50 గ్రాములు జొన్నపిండి)
బేకింగ్ పౌడర్ – ఒకటిన్నర టీస్పూన్లు
వంటసోడా – అర టీస్పూన్
యాలకుల పొడి – అర టీస్పూన్
ఉప్పు – చిటికెడు

పైపూతకు: బెల్లం 75 గ్రాములు, నీళ్ళు 3 టేబుల్ స్పూన్లు, నెయ్యి 2 టేబుల్ స్పూన్లు, ఎండుకొబ్బరి తురుము 60 గ్రాములు, వేయించి పొట్టు తీసి పలుకులుగా దంచిన వేరుశనగలు 40 గ్రాములు.

తయారుచేసే విధానం

బిస్మిల్లాహ్ అని పని ప్రారంభించండి. ముందుగా వేడి నీళ్ళలో బెల్లం కరిగించి వడకట్టాలి. బెల్లంలో సన్నని ఇసుక ఉంటుంది కనుక ఈ పని తప్పనిసరి. ఆ నీటిని మరొకసారి వేడిచేసి ఓట్స్, ఖర్జూరాల మీద పోసి మూతపెట్టి ఇరవై నిమిషాలు ఉంచాలి. నీళ్ళకు బదులు పాలు వాడదలచుకున్నవారు ఒక విషయం గుర్తుంచుకోవాలి. బెల్లంలోని పులుపు వల్ల వేడి పాలు విరిగిపోయే ప్రమాదం ఉంది.

ఈలోగా 20 సెంటీమీటర్ల వెడల్పు గల కేకు గిన్నెకు నూనె రాసి, అడుగున వెన్న కాగితం పరచండి. మందపాటి పాత డేకిసాలో అంగుళం మందాన దొడ్డుప్పు లేదా శుభ్రమైన ఇసుక పోసి, పైన ఒక స్టాండు పెట్టి, మూతవేసి పది నిమిషాలు మధ్యస్థమైన మంట మీద వేడి చేయండి. ప్రెషర్ కుక్కర్ వాడేటట్లయితే దాని రబ్బరు, విజిల్ రెండింటినీ తప్పక తొలగించాలి. లోపల నీళ్ళు పోయకూడదు.

నానిన ఓట్స్ గోరువెచ్చగా చల్లారిన తరువాతనే అరటిపండు గుజ్జు, గిలకొట్టిన గుడ్లు, నూనె చేర్చి కలపాలి. వేడిగా ఉండగా వేస్తే గుడ్లు ఉడికి ఉండకడతాయి. మరొక గిన్నెలో పిండి, బేకింగ్ పౌడర్, సోడా, ఉప్పు, యాలకుల పొడి కలిపి జల్లించండి. జల్లెడలో మిగిలిన పొట్టును పారవేయక పిండిలోనే తిరిగి కలపండి. ఈ పిండిని తడి మిశ్రమంలో వేసి, గరిటెతో కిందనుంచి పైకి, పొడి పిండి కనిపించనంత వరకు మాత్రమే కలపాలి. ఎక్కువసేపు కలిపితే గోధుమలోని గ్లూటెన్ సాగి కేకు గట్టిపడుతుంది.

సోడా తడి తగిలిన క్షణం నుంచే బుడగలు విడవడం ప్రారంభిస్తుంది. కాబట్టి కలిపిన వెంటనే గిన్నెలో పోసి, వేడెక్కిన డేకిసాలో ఉంచి, బాగా బిగుతైన మూతపెట్టండి. సన్నని మంట మీద 50 నుంచి 60 నిమిషాలు పడుతుంది. ఓవెన్ ఉన్నవారు 175 డిగ్రీల సెల్సియస్ వద్ద 40 నుంచి 45 నిమిషాలు ఉంచితే చాలు. మధ్యలో గుచ్చిన పుల్లకు పచ్చిపిండి అంటకపోతే కేకు సిద్ధమైనట్లే. ఖర్జూరం జిగురు కొంచెం అంటవచ్చు, దానిని చూసి కంగారుపడనవసరం లేదు.

కేకు కొద్దిగా చల్లారేలోపు పైపూత సిద్ధం చేయండి. బెల్లాన్ని నీళ్ళలో కరిగించి వడకట్టి, నెయ్యి వేసి, బుడగలు చిక్కగా వచ్చేవరకు మూడు నాలుగు నిమిషాలు కాచాలి. పాకం గట్టిపడనివ్వకూడదు. గట్టిపడితే పైపూత చిక్కీలాగా మారి ముక్క కోయడానికి రాదు. దింపి కొబ్బరి, వేరుశనగ పలుకులు కలిపి, వెచ్చని కేకు మీద పరచండి. నాలుగో వంతు భాగాన్ని మాత్రం పూత లేకుండా వదిలివేయండి. దాని కారణం ముందు చెబుతాను.

వెన్నతో చేసే తెల్లని క్రీము బదులు ఈ పూత ఎందుకని అడగవచ్చు. రాష్ట్రంలోనే అధిక ఉష్ణోగ్రతలకు పేరుపడిన రెంటచింతల మన జిల్లాలోనిదే. మాచర్ల, గురజాల ప్రాంతాల వేసవిలో వెన్న క్రీము పూసిన కేకు అతిథుల ముందుకు వచ్చేసరికే జారిపోతుంది. బెల్లం, ఎండుకొబ్బరి ఆ వేడిని తట్టుకుంటాయి. పచ్చికొబ్బరి త్వరగా పులుస్తుంది కనుక వేసవిలో వద్దు. అరటిపండు తేమ వల్ల కేకు కూడా బయట ఒక రోజు మించి నిలవదు. మూతగల డబ్బాలో ఫ్రిజ్‌లో ఉంచితే మూడు నాలుగు రోజులు ఉంటుంది.

నా తప్పులు

మొదటిసారి నేను చేసిన కేకు మధ్యలో గుంటపడింది. పొంగిందో లేదో చూడాలన్న ఆత్రుతతో పావుగంటకోసారి మూత తీశాను. నిర్మాణం గట్టిపడకముందే వేడి తగ్గితే లోపలి బుడగలు కూలిపోతాయి. బిర్యానీ దమ్ మధ్యలో మూత తీయకూడదని మా అత్తమ్మ నాకు పెళ్ళయిన కొత్తలోనే నేర్పిన పాఠం, కేకు విషయంలో గుర్తుకు రాలేదు. కనీసం 40 నిమిషాల వరకు మూత ముట్టుకోవద్దు.

రెండోసారి బాగా పొంగాలని సోడా రెట్టింపు వేశాను. కేకు పొంగింది కానీ సబ్బు రుచి వచ్చింది. బెల్లం, అరటిపండ్లలోని పులుపు కొంత సోడాతోనే చర్య జరుపుతుంది. మిగిలినది రుచిని పాడుచేస్తుంది.

ఆ మొదటి కేకును పారవేయబోతుంటే అత్తమ్మ ఆపారు. కిందపడిన ముద్దను కూడా తుడిచి తినమని బోధించిన ప్రవక్త (స) అనుచరులం మనం. మధ్యలోని పచ్చిభాగాన్ని పలచని ముక్కలుగా కోసి పెనం మీద నేతితో రెండు వైపులా ఎర్రగా కాల్చారు. పిల్లలు దానినే ఎక్కువ ఇష్టంగా తిన్నారు. తినండి, తాగండి, దుబారా చేయకండి అన్న దైవాజ్ఞ (అల్ ఆరాఫ్: 31) ఆ రోజు పెనం మీద ఆచరణలో కనిపించింది.

ఇది మందు కాదు

ఓట్స్ వేశాము, బెల్లం వాడాము, కనుక చక్కెర వ్యాధి ఉన్నవారు ఎంతైనా తినవచ్చని ఎవరైనా అనుకుంటే అది ప్రమాదకరమైన భ్రమ. బెల్లంలో అధికభాగం సుక్రోజే. పంచదారలో ఉన్నదీ అదే. ఖర్జూరం, మగ్గిన అరటిపండు కూడా రక్తంలో చక్కెరను పెంచుతాయి.

లెక్క వేసి చూద్దాం. రోజుకు 3 గ్రాముల ఓట్స్ కరిగే పీచు గుండె జబ్బు ముప్పును తగ్గించవచ్చని ప్రకటించుకోవడానికి అమెరికా ఆహార, ఔషధ సంస్థ 1997లో అనుమతించింది. అందుకు దాదాపు 75 గ్రాముల ఓట్స్ తినాలి. మన కేకు ఒక్కో ముక్కలో ఉన్న ఓట్స్ ఆరు గ్రాముల పైచిలుకు మాత్రమే. అంటే ఆ ప్రయోజనం కోసం ఒకే రోజు పన్నెండు ముక్కలు తినాలి! ఆరోగ్యానికి ఓట్స్ కావాలనుకునేవారు ఉదయం జావ కాచుకుని తాగడమే మేలు. కేకును కేకుగానే, అంటే అప్పుడప్పుడు తినే తీపిగానే చూడాలి.

బెల్లం లెక్క కూడా ఉంది. పూత వేసిన ముక్కలో దాదాపు పన్నెండున్నర గ్రాముల బెల్లం, పూత లేని ముక్కలో ఆరు గ్రాముల పైచిలుకు ఉంటుంది. నాలుగో వంతును పూత లేకుండా వదలమన్నది ఇందుకే. ఆ నాలుగు ముక్కలు ఇంట్లోని పెద్దల కోసం.

మా అత్తమ్మ విషయంలో ముందుగా ఆమెను చూసే వైద్యుణ్ణి సంప్రదించాము. పూత లేని చిన్న ముక్క, అదీ అప్పుడప్పుడు, ఆ పూట అన్నం తగ్గించుకుని తినవచ్చని ఆయన అన్నారు. ఒకరికి చెప్పిన మాట మరొకరికి వర్తించదు. మాత్రలు, ఇన్సులిన్ వాడేవారు, వాటితో ఉపవాసాలు ఉండదలచినవారు తమ వైద్యుణ్ణి రమజాన్‌కు ముందే కలుసుకోవాలి.

ఒకే దస్తర్‌ఖాన్ చుట్టూ

ఆ రమజాన్ చివరి పది రోజులలో ఒక సాయంత్రం మూడో కేకు దస్తర్‌ఖాన్ మీదికి వచ్చింది. చిన్నవాడు మళ్ళీ అడిగాడు, "హలాలేనా అమ్మీ?" ఈసారి వాడినే లెక్కపెట్టమన్నాను. ఓట్స్, ఖర్జూరం, అరటిపండు, బెల్లం... వాడు వేళ్ళు మడుస్తూ పదార్థాలన్నీ చెప్పాడు. ఖర్జూరాల గింజలు తీసింది వాడే మరి. అజాన్ అయింది. కేకు కోసే సమయానికి అత్తమ్మ అలవాటుగా లేవబోయారు. "కూర్చోండి అత్తమ్మా, ఇది మీ ముక్క" అన్నాను. ఆమె కాసేపు పళ్ళెం వైపు చూశారు. తరువాత అందులో సగం తుంచి మనవడి నోట్లో పెట్టి, మిగిలిన సగం తాను తిన్నారు. "యాలకులు ఇంకొంచెం పడాలి" అన్నారు. ఆ మాట విని నాకు కలిగిన ఆనందం ఇంతా అంతా కాదు. ఇంటి వంటకు వంక పెట్టే అధికారం కలిసి తిన్నవారికే కదా!

పన్నెండో శతాబ్దంలో ఈ పల్నాటి సీమలోనే బ్రహ్మనాయుడు కులభేదం లేకుండా అందరినీ ఒకే చాప మీద కూర్చోబెట్టి 'చాపకూడు' పెట్టించాడని పల్నాటి వీరుల కథ చెబుతుంది. ఒకే వస్త్రం చుట్టూ, ఒకే పళ్ళెంలో చేతులు పెట్టి తినడం మన దస్తర్‌ఖాన్ నేర్పే సంస్కారం. ఆ వస్త్రం అంచున ఒక్కరు లేచి వెళ్ళిపోతున్నా, కుటుంబంలోని వారు గమనించాలి.

పదహారు ముక్కలు ఒక కుటుంబానికి ఎక్కువే. పొరుగింటికి పంపే కానుక ఎంత స్వల్పమైనదైనా చిన్నచూపు చూడవద్దని దైవప్రవక్త (స) ముస్లిం స్త్రీలను పేరుపెట్టి మరీ హెచ్చరించారు. మా గోడ పక్కనున్న హిందూ సోదరి ఇంటికీ, వీధి చివర ఒంటరిగా ఉండే వృద్ధురాలికీ ఒక్కో ముక్క వెళుతుంది. పంపేముందు అందులో గుడ్డు ఉందని చెప్పడం మరచిపోకండి. తినేదేమిటో తెలుసుకునే హక్కు మనకెంత ఉందో, వారికీ అంతే ఉంది.

అల్లాహ్ మన వంటిళ్ళలో శుభాన్ని, మన పెద్దలకు ఆరోగ్యాన్ని, మన పిల్లలకు హలాల్ పట్ల శ్రద్ధను ప్రసాదించుగాక! ఆమీన్.